తాళం వెనక నడిచే పాట

2011 మే 20

అమెరికా వచ్చి రెండు వారాలైంది. అమ్మాయి అలేఖ్య, అల్లుడు కిరణ్‌కుమార్ పొద్దున్నే ఆఫీసులకి పోతే సాయంత్రం దాకా ఈ బాతెల్ ఇంట్లో నేనూ ఫ్రిజ్జే. అది ఆరున్నర శ్రుతిలో మోగుతూ ఉంటుంది. ఇవాళ వయొలిన్‌ని దానికి శ్రుతి చేసుకుని మోహన వాయించాను. రేడియోలో ఇంతకంటే ఘోరమైన తంబురాలతో నెట్టుకొచ్చినవాణ్ణి, నాకేం ఇబ్బంది లేదు.

వెనక డెక్ మీద కూర్చుని వాయిస్తుంటే కంచె అవతల ఒక పెద్దాయన నిలబడి వింటున్నాడు. మనవాడే అనుకుని “రండి రండి” అన్నాను తెలుగులో. మనవాడు కాదు, ఇండోనేషియా ఆయన. పేరు హర్యోనో. రెండు వీధుల అవతల ఉంటారట, జావా నుంచి వచ్చి పాతికేళ్ళయిందట. “యు వయొలిన్! వుయ్ నీడ్ వయొలిన్!” అని కంచె మీంచి నా చెయ్యి పట్టుకుని ఊపేశాడు.

అరవై ఏడేళ్ళొచ్చాక, మా ఆవిడ లక్ష్మి పోయిన ఈ నాలుగేళ్ళకి, నన్నొకడు కావాలన్నాడు. ఎవరూ చదవరు కనక రాస్తున్నాను. చాలా సంతోషమేసింది.

మే 22

చర్చి కింద హాల్లో హర్యోనో గారి బృందంతో ప్రాక్టీసు. వాళ్ళలో సగం మంది ముస్లిములు, సగం మంది క్రైస్తవులు, మధ్యలో విభూతి పెట్టుకుని నేను.

వాళ్ళ సంగీతం పేరు క్రొంచోంగ్. ఎప్పుడో పోర్చుగీసు నావికులు తెచ్చిన బుల్లి గిటార్ల మీద పుట్టి, ఊరూరా పాకి, హర్యోనో గారి తండ్రి కాలంలో ప్రతి పెళ్ళిలోనూ మోగేదట. తరవాత ముసలాళ్ళ పాట అని వదిలేశారు. దాన్ని ఇక్కడ మళ్ళీ లేపాలని ఆయన తాపత్రయం. రెండు బుల్లి గిటార్లుంటాయి, ఒకటి చక్, ఒకటి చుక్. ఒకదాని దెబ్బల మధ్య ఖాళీల్లో రెండోది కొడుతుంది. నిలువెత్తు చెల్లోని కమాను పక్కన పడేసి వేళ్ళతో మద్దెలలా వాయిస్తారు హర్యోనో గారు. వినడానికి బానే ఉంది. నాకు చాప లేదు, కుర్చీ వేశారు. కాళ్ళు వేలాడేసుకుని వయొలిన్ వాయించడం ఏం ఖర్మ!

పాడేది ఆయన భార్య. పేరు విద్యావతి! అందరూ “బు విద్యా” అంటారు. బు అంటే అమ్మట. అరవై దాటింది, తలకి లేత పచ్చ గుడ్డ, గొంతు మాత్రం పాతికేళ్ళ పిల్లది. ఆవిడ తాళం మీద పాడదు. తాళం ముందు వెళ్ళిపోతుంది, ఆవిడ తీరిగ్గా వెనకాల వస్తుంది. నేను నా అలవాటు ప్రకారం ఆవిడ కోసం ఆగాను. నేనాగితే చుక్ ఆగింది, చుక్ ఆగితే చక్ ఆగింది, మొత్తం బండి చతికిలబడింది.

“నో ఫాలో!” అని హర్యోనో గారు చేతులెత్తారు. “యు వాక్. షి కమ్ లేటర్!”

నాకు ఒళ్ళు మండింది. నలభై ఏళ్ళు పాడేవాళ్ళని అంటిపెట్టుకుని వాయించాను నేను. పక్కవాద్యం అంటేనే అది. పాడేవాడు ఆగితే ఆగాలి, జారితే పట్టుకోవాలి, తప్పితే ఆ తప్పు సభకి వినపడకుండా మనం కప్పాలి. వాళ్ళ నోరు చూస్తూ వాయిస్తాను, ఆ నోరే నాకు పుస్తకం. ఇవన్నీ నా ఇంగ్లీషులో చెప్పబోతే ఎవరికీ అర్థం కాలేదు.

విద్యగారు నవ్వింది. “మిస్టర్ శంకర్, తాళం బస్సు. నేను వెనక పరిగెత్తుకుంటూ వస్తాను. మీరు బస్సు ఆపకండి. ఎక్కుతుందా, ఎక్కదా అని జనం చూడాలి, అదే పాట.” ఇంగ్లీషులో చెప్పింది, చేతులతో సహా. ఆవిడకి ఉన్న ఓపిక మొగుడికి లేదు.

జూన్ 5

ఇవాళ మూడు పాటలు ఆవిడ కోసం ఆగకుండా వాయించాను. హర్యోనో గారు వీపు మీద చరిచారు. ఇంకా నొప్పిగానే ఉంది.

జూన్ 19

కచేరీ పోస్టరు వచ్చింది. సెప్టెంబరు పదిహేడు, కమ్యూనిటీ హాలు. పైన వాళ్ళ భాషలో కచేరీ పేరు, దాని కింద “గాత్రం: విద్యావతి. వయొలిన్: భీమశంకరం, ఇండియా.” రెండు పేర్లూ ఒకే సైజు! రేడియోలో అందరి పేర్లూ అయ్యాక “వయొలిన్ సహకారం” అని గబగబా చదివేసేవారు, ఒక్కోసారి టైము లేదని అదీ ఎగరగొట్టేవారు. అలేఖ్య ఫోటో తీసి అందరికీ పంపించింది.

మొదట్లో తలుపు దగ్గర నిలబడి నవ్విన కుర్రకారు ఇప్పుడు లోపలికొచ్చి కూర్చుంటున్నారు. ఒక పిల్ల చుక్ నేర్చుకుంటోంది. హర్యోనో గారు ఆ పిల్లకి చెబుతుంటే చూడాలి, దేవుడికి దీపం పెడుతున్నట్టు చెబుతాడు. ఇంతకుముందు రెండుసార్లు ఇలాగే మొదలుపెట్టి, మనుషులు చెదిరిపోయి ఆగిపోయిందట. ఈసారి ఆగితే మళ్ళీ ఎవరూ రారంటాడు.

జూలై 10

ఇవాళ నాలుగో పాటలో ఆవిడ మరీ వెనకపడింది. వస్తుంది, వస్తుంది అనుకుంటే పాదం చివరి మాటలు రానే లేదు. ఖాళీ కనపడకుండా ఆ మాటల స్వరాలు నేను వాయించేశాను, చెయ్యి దానంతట అదే పోయింది. తరవాతి పాదానికి ఆవిడ అందుకుంది. అయ్యాక అందరూ చప్పట్లు. ఎంత బాగా వేలాడదీసిందో అని ఒకావిడ కళ్ళు తుడుచుకుంది. వెనకపడ్డాన్ని వాళ్ళు “వేలాడటం” అంటారు.

పాడేటప్పుడు నోరు కుడివైపు సరిగ్గా తెరుచుకోలేదు. కొత్త పళ్ళసెట్టు అయ్యుంటుంది. మా బావగారికీ అలాగే అయింది.

జూలై 11

పళ్ళసెట్టే.

జూలై 24

విద్యగారి చేతిలోంచి టీ గ్లాసు జారి పగిలింది. ఆవిడే నవ్వి, ఆవిడే తుడిచింది. అయితే ఎడమ చేత్తో తుడిచింది.

అలేఖ్య కార్‌లో తీసుకెళ్ళడానికొచ్చి ఆవిడతో కాసేపు మాట్లాడింది. దార్లో అంది:

“నాన్నా, ఆంటీ మాట ముద్దముద్దగా వస్తోంది, గమనించావా?”

“జావా యాస అది.”

“మొన్న మనింటికి డిన్నర్‌కి వచ్చినప్పుడు అలా లేదు కదా.”

“నీకు ఇంగ్లీషు యాసలు తప్ప ఇంకేం తెలుసు? ముందు చూసి డ్రైవ్ చెయ్యి.”

“నేను ల్యాబ్‌లో పనిచేస్తాను, డాక్టర్ని కాను, సరే. కానీ ఆ ఏజ్‌లో అలా వస్తే మంచిది కాదు నాన్నా. స్ట్రోక్ కూడా అవ్వొచ్చు. ఒకసారి చెక్ చేయించుకోమని చెప్పు. నువ్వు చెప్తావా, నన్ను అంకుల్‌కి ఫోన్ చెయ్యమంటావా?”

“నేను చెప్తాలే.”

చెప్తాను. వచ్చే వారం.

జూలై 31

చుట్టూ జనం ఉన్నారు. ఆడమనిషితో అందరి ముందూ అలాంటి మాట ఎలా చెప్పడం?

ఆగస్టు 7

నేను చెప్పక్కర్లేకపోయింది. ఆవిడే వచ్చింది.

అందరూ కుర్చీలు సర్దుతుంటే నా పక్కన కూచుని, “మిస్టర్ శంకర్, అక్కడ మీరు నన్ను పట్టుకుంటున్నారు. నాకు తెలుసు,” అంది. నేను కమానుకి రోజనం రాస్తూ కూచున్నాను. ఒక్కోసారి మాట నోటి దాకా వచ్చి ఆగిపోతుందట. కుడి చెయ్యి తిమ్మిరెక్కుతుందట. కాసేపటికి అంతా సర్దుకుంటుందట.

“డాక్టరు?” అన్నాను.

“కచేరీ అయిపోగానే. ప్రామిస్. ఇప్పుడు వెళ్తే ఈయన అన్నీ ఆపేస్తాడు. పదేళ్ళ నుంచి ఈయన దీనికోసం ఎదురుచూస్తున్నాడు. మీరు చెప్పకండి. ప్లీజ్.”

“మా అమ్మాయి వెంటనే వెళ్ళాలంటోంది.”

“కచేరీ అయ్యాక,” అంది మళ్ళీ.

సరే అన్నాను. ఏం చెయ్యను మరి? ఆవిడ ఆరోగ్యం ఆవిడది, మొగుడూ ఆవిడ మొగుడే. మధ్యలో దూరి పెద్దమనిషి తరహాగా ఫిర్యాదు చెయ్యడానికి నేనెవర్ని? పైగా నన్ను నమ్మి చెప్పింది. ఇంత పెద్ద దేశంలో ఆవిడ నమ్మింది నన్ను.

ఆగస్టు 21

నా జన్మలో ఇంత బాగా వాయించలేదు. ఆవిడ ఊపిరి తీసే తీరు చూస్తేనే మాట వస్తుందో రాదో నాకు తెలిసిపోతోంది. రాదనిపిస్తే అర చిటికె ముందు నేనెత్తుకుంటాను. వస్తే కింద తగ్గిపోతాను. గొంతులో ఉన్న జీర కూడా తీగ మీద తెప్పిస్తున్నాను. వాళ్ళ వయొలిన్లు సాఫీగా పోతాయి, ఈ పని మన చేతికి తప్ప రాదు. హర్యోనో గారు ఇక నో ఫాలో అనడం లేదు. “హౌ యు డు దిస్?” అంటున్నారు.

విద్యగారు మైకు ఎడమ చేతికి మార్చింది.

ఆగస్టు 28

ఇవాళ మొదటి నుంచి చివరి దాకా ఒక్క మాట పోలేదు! చెయ్యి కూడా బానే ఉందంది. అనవసరంగా భయపడ్డాను. అలేఖ్య ఊరికే గాభరా పెట్టింది.

సెప్టెంబరు 4

“ఆంటీకి చెప్పావా నాన్నా?”

“చెప్పాను.”

“ఏమన్నారు?”

“డాక్టర్ దగ్గరికి వెళ్తానంది.”

ఇందులో అబద్ధం ఏముంది?

సెప్టెంబరు 11

రెండు పాటల్లో సగానికి సగం నేనే. ఎవరికీ తెలియదు.

సెప్టెంబరు 17, మధ్యాహ్నం

పొద్దున హాల్లో ఒకసారి చూసుకున్నాం. కుడి చెయ్యి అసలు లేవలేదు. మిగతా రోజుల్లా కాసేపటికి సర్దుకోనూ లేదు. చేతిని తలగుడ్డ కొసల కింద దాచుకుని కూచుంది. నేను “ఇవాళ వద్దేమో” అన్నాను. తల అడ్డంగా ఊపింది. మాట్లాడలేదు. మాట్లాడలేకపోయిందేమో.

హర్యోనో గారు కుర్చీలు లెక్కపెట్టుకుంటూ పెళ్ళికొడుకులా తిరుగుతున్నారు. ఆయనకి చెప్పలేదు. సాయంత్రం ఒక్కటీ గడిస్తే చాలు. సోమవారం డాక్టరు. నేనే దగ్గరుండి పంపిస్తాను.

పట్టుపంచె కట్టుకున్నాను. అలేఖ్య కారు తీసింది.

సెప్టెంబరు 19

రాయాలి.

హాలు నిండిపోయింది, చోటు లేక కొందరు నిలబడ్డారు. ఇండోనేషియా వాళ్ళు సియాటిల్ నుంచి, టకోమా నుంచి వచ్చారు. మనవాళ్ళూ నా పేరు చూసి కొందరొచ్చారు. మొదటి పాటల్లో విద్యగారు అక్కడక్కడా అందుకుంది, నేను మిగతాది పూడ్చాను. జనం కళ్ళు మూసుకుని వింటున్నారు. చివరి పాట మొదటి చరణం ఆవిడే పాడింది. రెండో చరణానికి నోరు తెరిచింది. ఏమీ రాలేదు. ఊపిరే రాలేదు. చక్, చుక్ నడుస్తున్నాయి. నేను ఎత్తుకున్నాను.

మిగిలిన పాటంతా నేనే వాయించాను. ఆవిడ మైకు పట్టుకుని పెదవులు కొద్దిగా కదుపుతూ నిలబడింది. హర్యోనో గారు ఆవిడకి వెనకాల, ఆయనకి ముఖం కనపడదు. నాకు కనపడుతోంది. ఆవిడ నావైపే చూస్తోంది, భయంగా చూస్తోంది. ఆపమని చూసిందో, ఆపవద్దని చూసిందో నాకు తెలియలేదు. నేను ఆపలేదు. తాళం ముగింపుకి తీసుకెళ్ళి దింపాను. హాలు మొత్తం లేచి నిలబడింది. ఆ చప్పట్లలో ఆవిడ పక్కకి ఒరిగిపోయింది.

ఆస్పత్రిలో ఒక డాక్టరమ్మ, చిన్నపిల్ల, వచ్చి గబగబా మాట్లాడింది. హర్యోనో గారు చెబుతున్నారు: “చివరి పాట దాకా పాడింది. పర్ఫెక్ట్. పాటయ్యాక పడింది. ఇప్పుడే, ఇప్పుడే!” అలేఖ్య నా చెవిలో తెలుగులో చెప్పింది. స్ట్రోకేనట, మెదడులో గడ్డకట్టిన రక్తాన్ని కరిగించే మందు ఉందట. మొదలైన కొద్ది గంటల్లోపల అయితేనే ఇస్తారట. దాటాక ఇస్తే మెదడులో రక్తం కారి మనిషి పోవచ్చట. అందుకని ఆఖరిసారి పూర్తిగా మామూలుగా ఎప్పుడుందో తెలియాలట. హర్యోనో గారి లెక్క ప్రకారం ఇంకా బోలెడు టైముంది, మందు సిద్ధం చేస్తున్నారు.

నోరు మూసుకుంటే మందు ఇస్తారు. నోరు విప్పితే ఇవ్వరు. ఎటు పోయినా కారణం నేనే.

“అమ్మలూ,” అన్నాను. “ఇప్పుడు కాదు. పొద్దున్నుంచే చెయ్యి లేవడం లేదు. మాటా సరిగ్గా రావడం లేదు.”

అలేఖ్య తిరిగి చూసింది. “ఎవరికి? ఆంటీకా? నీకెలా తెలుసు?”

“తెలుసు. రెండు నెలల నుంచీ వస్తూ పోతూ ఉంది. ఇవాళ పొద్దున వచ్చింది పోలేదు. చివరి పాటలో మొదటి చరణం తరవాత ఆవిడ పాడలేదు.”

“నాన్నా, నువ్వు చెప్పానన్నావు.”

“వాళ్ళకి చెప్పవే ముందు!”

నా కూతురు డాక్టరమ్మ వైపు తిరిగి, హర్యోనో గారి ముందే, నా మాటలన్నీ ఇంగ్లీషులో చెప్పింది. పొద్దున్నుంచి అని చెప్పింది. రెండు నెలల నుంచి అని చెప్పింది. ఒక్క ముక్క వదల్లేదు. డాక్టరమ్మ లోపలికి పరిగెత్తి మందు ఆపించింది. హర్యోనో గారు నా పట్టుపంచె వైపు చూస్తూ నిలబడ్డారు.

సెప్టెంబరు 21

విద్యగారు పోయారు.

సెప్టెంబరు 23

ఖననానికి వెళ్ళాను. వెనక నిలబడ్డాను. చుక్ నేర్చుకునే పిల్ల నా దగ్గరికొచ్చి, “అంకుల్, యు మేడ్ హర్ సౌండ్ సో బ్యూటిఫుల్” అంది.

అక్టోబరు 2

వయొలిన్ పెట్టె తీయలేదు.

అలేఖ్య అన్నం పెడుతోంది, మందులు గుర్తుచేస్తోంది, అంతే. ఇవాళ నేనే కదిపాను. ఆవిడే వద్దంది కదే, నేనేం చెయ్యను, అన్నాను.

“ఆవిడ వద్దంటే నాకు చెప్పొచ్చుగా నాన్నా. నేను అడిగాను కదా. రెండుసార్లు అడిగాను. జూలైలో వెళ్ళుంటే బ్లడ్ థిన్నర్స్ ఇచ్చేవాళ్ళు. ఇంటికి పంపించేసేవాళ్ళు.”

“కచేరీ ఆగిపోయేది.”

“ఆగనీ!” అని అరిచింది. పుట్టి బుద్ధెరిగాక నా మీద అరవడం ఇదే మొదలు. కిరణ్‌కుమార్ టీవీ కట్టేసి పైకి వెళ్ళిపోయాడు.

ఆవిడ కోసం చేశాననుకున్నాను. హర్యోనో గారి కోసం అనుకున్నాను. నిజానికి ఆ పోస్టరు కోసం చేశాను. ఆ చప్పట్ల కోసం చేశాను. ఇక్కడైనా రాసుకోవాలి.

అక్టోబరు 16

మధ్యాహ్నం హర్యోనో గారు వచ్చారు. ఇంట్లో ఎవరూ లేరు. సగానికి సగం చిక్కిపోయారు. లోపలికి రమ్మంటే వచ్చి, చెప్పులు విప్పి, సోఫా అంచున కూచున్నారు. సంచిలోంచి సీడీ తీశారు. కచేరీ రోజున ఎవరో రికార్డు చేశారట. వాళ్ళలో మనిషి పోయిన నలభయ్యో రోజున అందరినీ పిలిచి ప్రార్థన చేసి భోజనం పెడతారట. ఆ రోజు విద్య చివరి పాట వినిపిస్తానన్నారు.

“పాట మంచిగా ఉంది. కానీ మీ వయొలిన్ గట్టిగా ఉంది,” అన్నారు ఆయన ఇంగ్లీషులో, నిదానంగా, మాట మాటకీ ఆగుతూ. “కింద తన గొంతు నాకు వినిపిస్తోంది. చిన్నగా. మా వాళ్ళ కుర్రాడు స్టూడియోలో ఉన్నాడు. మైకులు వేరువేరుగా రికార్డయ్యాయి, వయొలిన్ తీసేయొచ్చు అన్నాడు. తీసేస్తే విద్య ఒక్కతే మిగులుతుంది. మీకు కోపం రాకూడదని అడగడానికి వచ్చాను.”

ఆస్పత్రిలో అలేఖ్య చెప్పింది ఈయన వినలేదా? విన్నాడు. విని, నమ్మలేదు. పాతికేళ్ళు పక్కన కూచుని వాయించినవాడు, ఆ పాటలో ఆవిడ లేదంటే ఎలా నమ్ముతాడు?

సరే తీసేయండి అనొచ్చు. ఆయన స్టూడియోకి వెళ్ళి, ఆ కుర్రాడి పక్కన కూచుని, వయొలిన్ తీసేశాక రెండో చరణం దగ్గర వట్టి ఖాళీ వింటాడు. వద్దు, నాకు కోపం వస్తుంది అనొచ్చు. అలా అంటే పాట అలాగే ఉంటుంది. ఆయనకి ఎప్పటికీ తెలియదు. నన్ను గర్విష్ఠి అనుకుంటాడు, అంతేగా. ఆ మాట నాలుక చివరి దాకా వచ్చింది. అలవాటైన పని, కప్పడం.

“హర్యోనో గారూ,” అన్నాను. “తీయకండి. మొదటి చరణం వరకే ఆవిడ. తరవాత ఆవిడ లేదు. నో వాయిస్. ఓన్లీ వయొలిన్. మీకు వినిపిస్తున్న ఆ చిన్న గొంతు కూడా నేనే.”

ఆయన సీడీ వైపు చూశారు. ఫ్రిజ్జు మోగుతోంది.

“జూలైలో చెప్పాలి మీరు,” అన్నారు. “జూలైలో. ఇప్పుడు చెప్తున్నారు.”

లేచి చెప్పులు వేసుకుని వెళ్ళిపోయారు. నేను గుమ్మం దాకా వెళ్ళాను. క్షమించమని అడగలేదు, ఆ మాట అడగడానికి నాకు మొహం లేదు.

అక్టోబరు 30

ఎల్లుండి నా ప్రయాణం. ఇవాళ నలభయ్యో రోజు. అలేఖ్యని పిలిచారు. నన్ను పిలవలేదు. బట్టలు సర్దుతూ కూచున్నాను.

చీకటి పడ్డాక వచ్చింది. చేతిలో అరిటాకు చుట్టిన పసుపన్నం పొట్లం. బల్ల మీద పెట్టింది.

“పాట వేశారా?” అన్నాను.

“వేశారు.”

“వయొలిన్ తీయించారా?”

“లేదు నాన్నా. ఉన్నదున్నట్టు వేశారు.”

అంటే ఆ గదిలో అందరూ రెండో చరణం నుంచి నన్నే విన్నారు. ఎవరైనా ఏమైనా అన్నారా అని అడిగాను. అలేఖ్య కోటు విప్పకుండానే కుర్చీలో కూలబడింది.

“అందరూ ఏడ్చారు. చివర్లో ఆంటీ గొంతు వయొలిన్‌లో ఎలా కలిసిపోయిందో, ఇంకెవరూ అలా పాడలేరని ఒక పెద్దావిడ హర్యోనో అంకుల్ చెయ్యి పట్టుకుని చెప్పింది.”

“ఆయనేమన్నాడు?”

“అవును, విద్య ఎప్పుడూ అలాగే పాడేది, అన్నారు.”